కేంబ్రిడ్జ్‌లో కాన్ఫరెన్స్

ఆ రోజుల్లో నాకు కోపం రావడానికి పెద్ద కారణాలేమీ అక్కర్లేదు. యూనివర్సిటీలో రెండో సంవత్సరం. పొద్దున్నే పళ్లు తోముకోకముందే మొదలయ్యేది. ఫ్లాట్‌లో నా పాలు ఎవరో తాగేసినందుకు, బస్సు రానందుకు, వచ్చిన బస్సు ఆగనందుకు, ఆగిన బస్సులో డ్రైవర్ నన్ను 'లవ్' అని పిలిచినందుకు. ఇప్పుడు తలుచుకుంటే అంత కోపాన్ని మోసుకుంటూ మెట్లెలా ఎక్కేదాన్నో అర్థం కాదు. అయితే వీటన్నిటికీ మించి నా కోపమంతా ఒక్క మనిషి మీద కుప్ప పోసి ఉండేది. ఆయన మా యూనివర్సిటీ అమెరికన్ ఫుట్‌బాల్ టీమ్ కోచ్.

ఇంగ్లండ్‌లో ఉండి అమెరికన్ ఫుట్‌బాల్ ఏమిటని మీరు అడగొచ్చు. మా అమ్మ కూడా అడిగింది, కాకపోతే ఇంత మర్యాదగా కాదు. ఇక్కడ చాలా యూనివర్సిటీలకు ఆ టీములున్నాయి, బయట ఎవరికీ తెలియదంతే. హెల్మెట్లు పెట్టుకుని, భుజాల మీద గంపలంత ప్యాడ్లు కట్టుకుని, అద్దెకు తీసుకున్న రగ్బీ మైదానంలో, వానలో, నలుగురు గర్ల్‌ఫ్రెండ్లూ రెండు కుక్కలూ చూస్తుండగా కుర్రాళ్లు ఒకరినొకరు గుద్దుకుంటారు. పేరుకు ఫుట్‌బాల్ గానీ ఆటంతా చేతులతోనే. బంతిని కాలితో తన్ని, హెచ్ అక్షరంలా ఉండే కర్రల మధ్య నుంచి పంపించాల్సిన పని మాత్రం ఒక్కరిదే. ఆ మనిషిని కిక్కర్ అంటారు. (పేరులోని 'ఫుట్'కు న్యాయం చేసేది ఆ ఒక్క ప్రాణే. ఆ ప్రాణిని మిగతా వాళ్లు ఆటగాళ్లలో లెక్కే వేయరు. ఇది తలుచుకుంటే ఇప్పటికీ ఒళ్లు మండుతుంది.) ఆ కిక్కర్ని నేను.

స్టీవెనేజ్‌లో మా ఇంటి వెనక గ్యారేజీల వరస ఉండేది. వాటి తలుపుల మీదికి బంతి తన్నుకుంటూ పెరిగాను కాబట్టి నాకు తన్నడమొక్కటే బాగా వచ్చు. క్లబ్బుల వాళ్లు స్టాళ్లు పెట్టిన రోజున ఎవరో వేళాకోళంగా "తన్ను చూద్దాం" అంటే తన్నాను. బంతి కర్రల మధ్య నుంచి వెళ్లి అవతల కార్ పార్కులో పడింది. కోచ్ నోట్లోని బర్గర్ నమలడం ఆపి, "నాట్ బ్యాడ్, స్వీట్‌హార్ట్" అన్నాడు. నా పేరు చెప్పాను. "గుడ్, గుడ్" అన్నాడు గానీ వినలేదు. ఆ తర్వాత సీజనంతా నేను తన్నాను, ఆయన స్వీట్‌హార్ట్ అన్నాడు.

ఆ ఏడాది మా టీమ్ అనుకోకుండా గెలవడం మొదలుపెట్టింది. లీగ్ వాళ్లు దేశంలోని టీములన్నిటినీ ప్రాంతాల వారీగా గుంపులు చేస్తారు. ఒక్కో గుంపును కాన్ఫరెన్స్ అంటారు. ప్రతి కాన్ఫరెన్స్‌లోనూ పైనున్న రెండు టీములు చివర్లో తలపడతాయి. అదే కాన్ఫరెన్స్ ఛాంపియన్‌షిప్. మేము ఆ మ్యాచ్‌కు చేరుకున్నాం. ఆట శనివారం, కేంబ్రిడ్జ్ శివార్లలో. ఆ వారం ఇంటికి రానని చెప్పడానికి ఆదివారం అమ్మకు ఫోన్ చేశాను. అమ్మ వృద్ధుల కేర్ హోమ్‌లో నర్సు. నైట్ షిఫ్ట్ చేసొచ్చి, చర్చికి కూడా వెళ్లొచ్చి, సగం నిద్రలో మాట్లాడుతోంది.

"శనివారం రానమ్మా. కేంబ్రిడ్జ్‌లో మా కాన్ఫరెన్స్ ఉంది."

"కాన్ఫరెన్సా!" అమ్మ నిద్ర ఎగిరిపోయింది. "దేవునికి స్తోత్రం. ఎంతమంది వస్తారేందే?"

"మా వాళ్లు నలభై మంది, అవతలి వాళ్లు నలభై మంది. చూడ్డానికి ఎవరైనా రావచ్చు."

"అందరూ కుర్రకారేనా?"

"స్టూడెంట్సే."

"ఎట్టా పోతారు?"

"పొద్దున్నే కోచ్ బస్సు వస్తుంది."

"మంచిది తల్లీ, మంచిది" అంటూ అమ్మ గొంతు గద్గదమైంది. నా ఆట గురించి ఇంట్లో ఎవరూ ఇంతవరకూ ఇలా కరిగిపోలేదు. నాకూ కళ్లు చెమర్చాయి. (గుంటూరు జిల్లా నుంచి వచ్చిన మా చర్చి వాళ్లకు కాన్ఫరెన్స్ అంటే ఒకటే అర్థం. షామియానా, మైకు, మూడు పూటలా భోజనం, మధ్యలో బైబిలు వాక్యం. ఈ సంగతి నాకు ఆ క్షణంలో తట్టలేదు. అమ్మ అడిగితే అడ్రస్ కూడా పంపాను.)

గురువారం ప్రాక్టీసయ్యాక కోచ్ నన్ను ఆఫీసులోకి పిలిచాడు. శనివారం నేను తన్నడం లేదట. కొత్తగా రగ్బీ టీమ్ నుంచి ఒక పొడుగాటి కుర్రాడు వచ్చాడు. మేమంతా అతన్ని జిరాఫీ అనేవాళ్లం. అతను తన్నుతాడట.

"పెద్ద ఆట, స్వీట్‌హార్ట్. పెద్ద కాలు కావాలి."

"సీజనంతా నేనే తన్నాను కదా?"

"అవును. అందుకే ఇక్కడిదాకా వచ్చాం. థాంక్యూ."

తలుపు పగిలిపోయేలా వేసి వెళ్లిపోదామని విసురుగా లేచాను. ఆ తలుపుకు మెల్లగా మూసుకునే స్ప్రింగు ఉంది. నా బలమంతా పెట్టి లాగినా అది తన తీరిక చూసుకుని, నిట్టూర్చినట్టు శబ్దం చేసుకుంటూ, అంగుళం అంగుళం మూసుకుంది. అది మూసుకునేదాకా గుమ్మానికి అటు ఆయనా ఇటు నేనూ ఒకరి మొహం ఒకరం చూసుకుంటూ నిలబడ్డాం. ఆ తలుపు మీద నాకు ఇప్పటికీ కోపమే.

శనివారం గాలి చెంపలు వాయించేస్తోంది. ప్యాడ్లు కట్టుకుని, హెల్మెట్ చంకలో పెట్టుకుని, ఎవరికీ అక్కర్లేని దాన్నై గీత పక్కన నిలబడ్డాను. ఆట మొదలైన కాసేపటికి మైదానం గేటు దగ్గర ఒక తెల్ల మినీబస్సు ఆగింది. అందులోంచి ముందు ఒక డోలక్ దిగింది. తర్వాత మా పాస్టర్ అంకుల్ దిగారు, సూటూ టైతో, చేతిలో నల్ల అట్ట బైబిలుతో. ఆ వెనక డబ్బాల ఆంటీ దిగింది. (ఎక్కడికెళ్లినా చేతిలో రెండు డబ్బాల తిండి లేకుండా ఆమెను ఎవరూ చూడలేదు.) చివరికి పట్టుచీర, దాని మీద కోటు, కాళ్లకు షిఫ్టులో వేసుకునే తెల్ల బూట్లతో మా అమ్మ. గేటు దగ్గరి వాలంటీరును "కాన్ఫరెన్స్?" అని అడిగింది. అతను ఉత్సాహంగా మా వైపు చెయ్యి చూపించాడు.

అమ్మ నన్ను గుర్తుపట్టడానికి కొంచెం టైమ్ పట్టింది. గుర్తుపట్టాక ఆమె మొహంలో జరిగినదాన్ని వర్ణించే శక్తి నాకు లేదు.

"ఏందే ఇది?"

"ఆటమ్మా."

"కాన్ఫరెన్సన్నావు!"

"ఇదే కాన్ఫరెన్సు."

"వాక్యమేది? పాటలేయి? షిఫ్ట్ మార్పించుకోని వచ్చానే నేను! అయ్యగారు మూడు దినాల్నించి ప్రసంగం తయారు చేసుకోని వచ్చారే!"

"పర్లేదమ్మా, ప్రసంగం ఎక్కడికి పోతుంది" అన్నారు పాస్టర్ అంకుల్ దిగులుగా.

ఇంతలో డబ్బాల ఆంటీ కెవ్వుమంది. "వదినా, ఆ పిల్లోడి మీద అందరూ పడి తొక్కేస్తన్నారు! ఆ చారల చొక్కాయన చూస్తా ఈల ఊదుతన్నాడేంది, ఆపడేంది?"

"పద, బస్సెక్కు" అంది అమ్మ.

"ఎక్కను."

"నువ్వు కూడా ఆ కుప్పలో పడతావా?"

"పడను. నన్ను ఆడనివ్వట్లేదుగా."

"మంచిదేగా. దేవుడే అడ్డం పడ్డాడు."

"సీజనంతా నేనే తన్నానమ్మా!" అన్నాను. నాకు కోపం ముదిరితే కన్నీళ్లొస్తాయి. అవి చూసి ఎదుటివాళ్లు నేను బాధపడుతున్నాననుకుంటారు. అందుకని ఇంకా కోపం వస్తుంది, ఇంకా ఏడుస్తాను. అమ్మకు నా సంగతి తెలుసు. బాధకూ కోపానికీ తేడా తెలిసిన మనిషి ఆ మైదానంలో ఆమె ఒక్కతే. వచ్చి నా పక్కన నిలబడింది.

జిరాఫీ మొదటి కిక్ తన్నబోతున్నాడు. "ఆ పొడుగోడికి చేతులు వణకతన్నయ్యి చూడు" అంది అమ్మ, రోగుల మంచాల పక్కన నిలబడే గొంతుతో. బంతి కర్రలకు బాగా ఎడంగా పోయింది. సరిగ్గా అప్పుడే కోచ్ మా దగ్గరికొచ్చి, చూడ్డానికొచ్చిన ఆడవాళ్లందరూ గీతకు దూరంగా కట్టిన తాడు వెనక్కి వెళ్లాలన్నాడు. అమ్మ భుజం మీద తట్టి, "డోంట్ వర్రీ, మమ్. షీ ఈజ్ అవర్ లిటిల్ మాస్కాట్" అని నవ్వి వెళ్లిపోయాడు.

"మాస్కాటంటే ఏందే?"

"అదృష్టం కోసం టీమ్ పక్కన నిలబెట్టే బొమ్మమ్మా."

అమ్మ తాడు వెనక్కి వెళ్లింది. కోటు బొత్తాలు పైదాకా పెట్టుకుంది. తర్వాత తాడు కింది నుంచి వంగి కోచ్ దగ్గరికి నడిచింది. కేర్ హోమ్‌కు వచ్చే డాక్టర్లు తన మాట కొట్టిపారేసినప్పుడు అమ్మ అరవదు. పక్కనే నిలబడి, జవాబు వచ్చేదాకా ఒకే ప్రశ్న అడుగుతుంది. ఎంత పెద్ద డాక్టర్లయినా రెండో సారికే లొంగిపోతారు.

"మై డాటర్ కిక్డ్ ఆల్ సీజన్. వై నాట్ టుడే?"

"మమ్, ప్లీజ్, ఆట నడుస్తోంది" అన్నాడాయన.

"యెస్, యెస్. వై నాట్ టుడే?"

ఆయన పక్కకు జరిగితే అమ్మా జరిగింది. ఆయన గీత వెంట పరిగెత్తితే పట్టుచీర కుచ్చిళ్లు ఎత్తిపట్టుకుని అమ్మా పరిగెత్తింది. ఆమెను వెనక్కి పిలుద్దామని పాస్టర్ అంకుల్ కూడా తాడు దాటి వచ్చారు. సూటు, టై, చేతిలో నల్ల పుస్తకం చూసి కోచ్ మొహం పాలిపోయింది. లీగ్ నుంచి తనిఖీకి వచ్చిన పెద్దమనిషి అనుకున్నాడని తర్వాత తెలిసింది. పాస్టర్ అంకుల్ ఆయనకు వంగి నమస్కారం చేసి, "షీ ఈజ్ ఎ వెరీ గుడ్ గర్ల్, సర్" అన్నారు. ఇంకే మాటా తోచక అన్నారు పాపం. ఆయన నోట ఆ మాట బెదిరింపులా వినిపిస్తుందని ఎవరు మాత్రం ఊహిస్తారు?

జిరాఫీ రెండో కిక్కూ పోగొట్టాడు. ఆట ముగియడానికి కొన్ని క్షణాలే ఉన్నాయి. మేము రెండు పాయింట్లు వెనక. ఒక్క కిక్ సరిగ్గా పడితే మూడొస్తాయి, కాన్ఫరెన్స్ మాది. జిరాఫీ హెల్మెట్ తీసేసి, కోచ్ పిలుస్తున్నా పట్టించుకోకుండా నా దగ్గరికొచ్చాడు. "నువ్వెళ్లు. నా కాళ్లు నా మాట వినట్లేదు" అన్నాడు. కోచ్ ఒకసారి అమ్మ వైపు, ఒకసారి పాస్టర్ అంకుల్ వైపు చూసి, ఈగను తోలినట్టు చెయ్యి ఊపాడు.

వెళ్లాను. వెనక మా చర్చి వాళ్లు గట్టిగా ప్రార్థన మొదలుపెట్టారు. బంతిని చూశాను. పాలు తాగినవాడు, ఆగని బస్సు, మూసుకోని తలుపు, స్వీట్‌హార్ట్, మాస్కాట్, అన్నీ అందులోనే కనిపించాయి. తన్నాను. నా జన్మలో అంత బాగా ఎప్పుడూ తన్నలేదు. బంతి పైకి లేచి, తిన్నగా వెళ్లి, కుడివైపు కర్రకు ఠంగుమని కొట్టుకుని, మా వైపే తిరిగొచ్చి బురదలో పడింది.

ఓడిపోయాం. అవతలి వాళ్లు కేరింతలు కొడుతున్నారు. నేను ఆ కర్ర దగ్గరికి పోయి దాన్ని తన్నాను. (కర్రకేమీ కాలేదు.) కోచ్ వచ్చి, "అన్‌లక్కీ, స్వీట్‌హార్ట్" అన్నాడు.

"నాట్ స్వీట్‌హార్ట్!" అమ్మ గొంతు మైదానమంతా వినిపించింది. ఆ రోజు ఆమె అరిచింది అప్పుడొక్కసారే. "వాట్ ఈజ్ హర్ నేమ్?"

కోచ్ నోరు తెరిచాడు. సాయం కోసం జిరాఫీ వైపు చూశాడు. సీజనంతా నా చేత తన్నించుకున్న మనిషికి నా పేరు తెలియదు. అమ్మ చెప్పింది. ఆయన అన్నాడు. "నో" అంది అమ్మ, మళ్లీ చెప్పింది. కొత్తగా చేరిన నర్సులకు మందుల పేర్లు నేర్పినట్టు, ఒక్కో అక్షరం విడదీసి, పలికించి, తప్పయితే మళ్లీ పలికించి, టీమంతా చుట్టూ చేరి చూస్తుండగా ఆయనకు నా పేరు నేర్పింది. చివరికి ఆయన సరిగ్గా అనేసరికి జిరాఫీ చప్పట్లు కొట్టాడు. ఆ తర్వాత డబ్బాల ఆంటీ పులిహోర మూతలు తీసింది. గెలిచినవాళ్లూ ఓడినవాళ్లూ కాగితం ప్లేట్లతో వరస కట్టారు. కోచ్ కూడా వరసలోకి వస్తుంటే అమ్మ ఆంటీకి సైగ చేసింది, "ఆయనకొద్దు."

నన్ను మినీబస్సులోనే ఇంటికి తీసుకెళ్లారు. తయారు చేసుకున్న ప్రసంగాన్ని పక్కన పెట్టి, సమయోచితంగా ఉంటుందని పాస్టర్ అంకుల్ కోపం గురించి నాలుగు మాటలు చెప్పబోతే, "రేపు చెప్పండి అయ్యగారూ, ఇయ్యాళ వద్దు" అంది అమ్మ. స్టీవెనేజ్ దీపాలు కనబడేదాకా కిటికీలోంచి బయటికే చూసింది. అప్పుడు, ఇటు తిరక్కుండానే, "ఆ కర్రని జానెడు అవతల పాతితే వాళ్ల సొమ్మేం పోయిందే?" అంది.

మరుసటి ఏడు లీగ్ వాళ్లు టీములను అటూ ఇటూ మార్చి మమ్మల్ని ఇంకో కాన్ఫరెన్స్‌లో పడేశారు. ప్రతి ఆటలో నేనే తన్నాను. మళ్లీ ఛాంపియన్‌షిప్ దాకా మాత్రం వెళ్లలేదు. ఇప్పుడు స్టీవెనేజ్‌లోనే ఒక ఇంజినీరింగ్ కంపెనీలో పనిచేస్తున్నాను. మొన్న మీటింగులో, నేను నెలరోజులు కూర్చుని గీసిన డిజైన్‌ను పక్క సీటతను తనదిగా చెప్పుకుపోతుంటే చిరునవ్వుతో విన్నాను. అయ్యాక అతను "యూ డోంట్ మైండ్, డూ యూ?" అన్నాడు. "నో వర్రీస్" అన్నాను. పైగా టీ కావాలా అని అడిగాను. ఆ టీ కలుపుతూ, కేంబ్రిడ్జ్ బురదలో నిలబడి కర్రను తన్నిన ఆ పిల్ల ఇప్పుడు నన్ను చూస్తే ఏమంటుందా అనుకున్నాను. ఏమంటుందో నాకు బాగా తెలుసు. ఇక్కడ రాయలేను. పాస్టర్ అంకుల్ ఇది చదువుతారు.