తొమ్మిదడుగుల బండి, పదిన్నర అడుగుల బండి

ఒనోఫ్రే మాయెస్తాస్ తండ్రిని డాన్సు హాలు బయట కత్తితో పొడిచారు. ఊళ్ళో దొరికిన బండి ఒక్కటే. వెనక తలుపు ఊడిపోయిన చిన్న పికప్, సామాను వేసే తొట్టి ఆరడుగులే. ఆయన అంతకన్నా పొడుగు మనిషి. పడుకోబెడితే బూట్లు రెండూ బయటికి వేలాడాయి. ఇరవై ఎనిమిది మైళ్ళు గతుకుల దారిలో పెద్ద కొడుకు ఒనోఫ్రే ఆ బూట్లను ఒళ్ళో పెట్టుకుని కూర్చున్నాడు. ఆసుపత్రి చేరేసరికి ప్రాణం లేదు. అప్పటికి వాళ్ళమ్మ కడుపుతో ఉంది. పుట్టినవాడికి నబోర్ అని పేరు పెట్టారు. వాడికి అన్నా, నాన్నా ఒనోఫ్రేనే.

నేను ఎరిగేనాటికి ఒనోఫ్రేకి నలభై దాటాయి. ఇంటి వెనక పాత పికప్‌లు విప్పి, ఒకదాని ముక్క ఇంకోదానికి అతికించి బతికేవాడు. ప్రతి ఆదివారం చర్చిలో పూజకి వచ్చేవాడు. చలికాలంలో విధవరాళ్ళ గుమ్మాల దగ్గర తెల్లారేసరికి కొట్టిన కట్టెలు పేర్చి ఉండేవి. ఎవరు పెట్టారని అడిగితే, "దేవదూతలకి ఈమధ్య గొడ్డళ్ళు కూడా ఇస్తున్నారంట" అనేవాడు.

బండి గురించి అడిగితే మాత్రం ఆగేవాడు కాదు. "సింగిల్ క్యాబిన్‌కి ఆరడుగుల తొట్టి అయితే, ముందు చక్రం నుంచి వెనక చక్రానికి తొమ్మిదడుగులు. అదే క్యాబిన్‌కి ఏడడుగుల తొట్టి అయితే తొమ్మిదిన్నర. సీటు వెనక పిల్లలు అడ్డంగా కూర్చునే చోటున్న పొడుగు క్యాబిన్ అయితే, తొట్టి ఆరడుగులదే, చక్రాల మధ్య పదిన్నర. ఏడడుగుల తొట్టికి పొగరు, తన ఛాసిస్ మీద తప్ప కూర్చోదు. ఆరడుగులది మంచి కోడలు. పొట్టి బండయినా పొడుగు బండయినా, ఎనిమిది బోల్టులు బిగిస్తే ఆ ఇంటి పిల్లే."

"మా కోడలికి ఎనిమిది బోల్టులూ వదులే" అనేది ఎదురింటి యూఫీలియా ముసలమ్మ.

అందుకే మా లోయలో ఒకే రంగు బండి అరుదు. క్యాబిన్ ఒక రంగు, తొట్టి ఇంకో రంగు. దూరాన్నుంచి మనిషి కనపడడు, తొట్టి కనపడుతుంది. ఎర్ర తొట్టి అంటే ఫలానా, నీలం తొట్టి అంటే ఫలానా. తెల్ల క్యాబిన్ వెనక ఆకుపచ్చ తొట్టి అంటే బెలార్మినో త్రుహియో. మా లెక్క ఎప్పుడూ తప్పలేదు, ఈస్టర్‌కి ముందు ఉపవాసకాలంలో ఆ శుక్రవారం దాకా.

ఆ వారం పంట కాలువ పూడిక తీస్తున్నారు. కాలువ పెద్ద ట్రాంకిలీనో, డెబ్బై ఏళ్ళవాడు, ఎవరి వంతు నీళ్ళు ఎప్పుడో చెప్పే మనిషి. ముందు వారమే వంతు విషయంలో బెలార్మినో ఆయన మీదికి పార ఎత్తాడు. అందరం చూశాం. శుక్రవారం పొద్దున పదింటికి ట్రాంకిలీనో కాలువ గట్టు మీద ఒంటరిగా ఉండగా ఒక పికప్ గుద్దింది. గుద్ది ఆగింది. ఆగి, వెనక్కి నడిచి, పడి ఉన్నవాడి మీదుగా మళ్ళీ వెళ్ళింది. మేం వెళ్ళేసరికి ఆయన ఛాతీ బురదలోకి కూరుకుపోయి ఉంది. ఒక చెయ్యి గట్టు గడ్డిని ఇంకా పట్టుకునే ఉంది.

చూసింది యూఫీలియా ఒక్కతే, పొలం అవతల బట్టలు ఆరేస్తూ, వెనకనుంచి. "తెల్ల తల, ఆకుపచ్చ తోక" అంది. ఇంకేం అడగాలి?

ట్రాంకిలీనో కొడుకులు డెల్ఫీన్, లౌరో చేతుల్లో ఉన్న పారలతోనే బెలార్మినో ఇంటికి వెళ్ళారు. పాక ముందు అతని పికప్ ఉంది. తెల్ల క్యాబిన్ వెనక తెల్ల తొట్టి. బోల్టులు కొత్తవి, గ్రీజు ఇంకా తడిగా మెరుస్తోంది.

"తొట్టి ఎక్కడ దాచావురా?" అన్నాడు డెల్ఫీన్.

"దాచడమేంటి? మంగళవారమే మార్చా. పిల్ల పెళ్ళికి బండంతా ఒకే రంగు ఉండాలని. నబోర్ తెల్ల తొట్టి నాకిచ్చి నాది వాడు తీసుకున్నాడు. ఒనోఫ్రే అన్నే బిగించాడు, పోయి అడగండి!"

"మంగళవారం మార్చి మూడు రోజులు నోరు మూసుకున్నావా? మా నాన్నని చంపాక గుర్తొచ్చిందా?" పార కర్ర మొదటి దెబ్బ మోకాలి మీద పడింది. రెండోది నోటి మీద. బెలార్మినో భార్య అడ్డం వస్తే జుట్టు పట్టి పాకలోకి నెట్టి గొళ్ళెం పెట్టారు. అతన్ని కట్టెలు లాగే గొలుసుతో అతని బండి చక్రానికే కట్టేశారు.

లౌరో చిన్నవాడు, కొంచెం దైవభయం ఉన్నవాడు. "అన్నా, ఒక్కసారి ఒనోఫ్రే మావని అడిగొస్తా" అన్నాడు.

"అడిగిరా. అవునంటే వదిలేద్దాం. కాదంటే ఈ గొలుసు నా బండికి కట్టి లోయంతా తిప్పుతా."

ఒనోఫ్రే అప్పుడు కాలువ గట్టు మీద ఉన్నాడు. ఆకుపచ్చ తొట్టి అన్న మాట చెవిన పడగానే పరుగెత్తుకొచ్చాడు. ఆ తొట్టి ఇప్పుడు ఎవరి బండి మీదుందో అతనికి తెలుసు. తమ్ముడిదీ తెల్ల క్యాబినే, కాకపోతే పొడుగుది. ముసలమ్మ పొరబడి ఉంటుందని, ఇంకేదో ఆకుపచ్చ అయి ఉంటుందని అతని ఆశ. బండి ఆగిన చోట తడిమట్టిలో నాలుగు చక్రాలూ నాలుగు గుంటలు పెట్టాయి. జేబులోంచి ముడులు వేసిన కొలత తాడు తీశాడు. ముందు గుంట మధ్యన ఒక చివర పెట్టి, పెదాలు కదుపుతూ మరియ తల్లిని తలుచుకుంటూ, మోకాళ్ళ మీద వెనక గుంట దాకా పాక్కుంటూ వెళ్ళాడు. తొమ్మిదడుగుల ముడి దాటింది. తొమ్మిదిన్నర దాటింది. పదిన్నర ముడి సరిగ్గా గుంట మధ్యలో పడింది. మళ్ళీ కొలిచాడు. అవతలి వైపు కొలిచాడు.

లౌరో వచ్చింది అప్పుడే. "మావా, బెలార్మినో తొట్టి నువ్వు మార్చావా? అవునా కాదా ఒక్క మాట చెప్పు."

ఒనోఫ్రే తల దించుకుని తాడు వేళ్ళకి చుట్టుకోసాగాడు. అవునంటే ఒళ్ళో పెట్టుకుని పెంచిన తమ్ముడి పేరు చెప్పినట్టే.

"నిన్నే మావా!"

"నేను... నేనే వచ్చి చెప్తా. అందాకా వాణ్ణి ముట్టుకోకండి."

"ఉన్నమాట చెప్పడానికి రావడమెందుకు? ఇక్కడే చెప్పొచ్చుగా." తల దించుకున్న మనిషిని చూసి లౌరో తనకి తోచిన అర్థం తీసుకుని వెళ్ళిపోయాడు.

ఒనోఫ్రే తమ్ముడింటికి వెళ్ళాడు. బండి దేవదారు చెట్ల చాటున ఉంది. ముందు దీపం పగిలింది. ఆకుపచ్చ తొట్టి అంచుకి అడుగున, బురద మీద బురద కానిది ఆరిపోయి ఉంది. నబోర్ మెట్ల మీద కూర్చుని తాగుతున్నాడు, పొద్దున మొదలెట్టిన సీసానే.

"గట్టు మీద బండి నడపొద్దని తిట్టాడు" అన్నాడు నబోర్. "తాగుబోతు నాయాలా అని నాన్నని కలిపి తిట్టాడు. పెడల్ తొక్కానంతే."

"వెనక్కెందుకు నడిపావురా?"

నబోర్ సీసా ఎత్తి ఇంకో గుక్క తాగాడు. "నీకు తప్ప ఎవరికీ తెలీదన్నా. ఆ బెలార్మినో ఎలాగూ పార ఎత్తినవాడేగా."

తమ్ముడి మీద జన్మలో చెయ్యెత్తని మనిషి ఆ రోజు ఎత్తాడు. మొదటి గుద్దుకి నబోర్ మెట్ల మీంచి దొర్లాడు. లేచి సీసాతో అన్న చెవి మీద కొట్టాడు. చెవి సగం చీలింది. ఇద్దరూ గులకరాళ్ళ మీద కుక్కల్లా కొట్టుకున్నారు. ఒనోఫ్రే వాడి పీక మీద మోకాలు ఆనించి, వాడి కళ్ళు తేలేసేదాకా నొక్కాడు. తర్వాత భుజాన వేసుకుని వాడి బండిలోనే పడేశాడు. దారంతా ఇద్దరూ ఏడ్చారని తర్వాత ఎప్పుడో చెప్పాడు.

ఆకుపచ్చ తొట్టి బెలార్మినో వాకిట్లోకి రావడం చూసి డెల్ఫీన్ పార దించాడు. బెలార్మినో ముఖం ముఖంలా లేదు. లౌరో తిరిగొచ్చి "మావ అవునని అనలేదు" అన్నాక, ఆ అరగంటలోనే ఎడమ కన్ను పోయింది. చూస్తే ఆ గుంటలో నెత్తురే ఉంది.

"మార్చింది నేనే" అన్నాడు ఒనోఫ్రే. "గట్టు మీద గుంటలు పదిన్నర అడుగులు. ఈ పొట్టి బండి తొమ్మిదే. తాడు ఇదిగో, మీరే కొలుచుకోండి. మీ నాన్నని చంపింది నా తమ్ముడు. వీడు కాదు. పట్నానికి ఫోను చేసి పోలీసుల్ని పిలవండి."

డెల్ఫీన్ తాడు అందుకోలేదు. నబోర్ని కాలర్ పట్టి కిందికి లాగాడు. పార పళ్ళెం వైపుతో వాడి పక్కటెముకల్లో కొట్టాడు. ఎముక విరిగిన చప్పుడు వాకిలంతా వినిపించింది. రెండోసారి ఎత్తేసరికి ఒనోఫ్రే తమ్ముడి మీద బోర్లా పడ్డాడు.

"లేవ్ మావా! నువ్వే తెచ్చిచ్చావు, నువ్వే అడ్డం పడతావా?"

"ఇచ్చింది చట్టానికి. చంపడానికి కాదు."

"మా నాన్నకి అడ్డం పడ్డవాడెవడు?"

పార దిగింది. తమ్ముడి తలమీద కప్పిన కుడిచేతి మీద దిగింది. రెండు వేళ్ళు అక్కడికక్కడే నలిగాయి. మళ్ళీ దిగింది. ఒనోఫ్రే అరవలేదు, "దేవుడా, దేవుడా" అని గొణిగాడు. లౌరో అన్నని వెనకనుంచి పట్టుకోబోతే మోచేత్తో మూతి పగిలింది.

అప్పుడు చక్రానికి కట్టి ఉన్న బెలార్మినో ఉన్న గొలుసు మేరకి జరిగి, డెల్ఫీన్ బూటు పట్టుకున్నాడు. పళ్ళు రాలిన నోటితో అన్న మాట మొదట ఎవరికీ అర్థం కాలేదు. మళ్ళీ అన్నాడు.

"చాల్రా. ఇంక చాలు. నా కన్ను నాది, దానికి బదులు నేనడగటం లేదు. నువ్వు కూడా అడక్కు."

డెల్ఫీన్ కాలు విదిలించాడు. బెలార్మినో వదల్లేదు. ఎంతసేపు విదిలించాడో తెలీదు, ఆఖరికి పార పక్కన పడేసి అదే వాకిట్లో నేలమీద కూలబడి, నాన్నా నాన్నా అని చిన్నపిల్లాడిలా ఏడ్చాడు. లౌరో పాక గొళ్ళెం తీశాడు. బెలార్మినో భార్య వచ్చి, తన మొగుడి ముఖం తుడవకముందే, తెచ్చిన తడిగుడ్డ చింపి సగం ఒనోఫ్రే చేతికి చుట్టింది. అప్పటికి నేనూ అక్కడికి చేరాను, ఇది కళ్ళారా చూశాను.

నబోర్‌కి పద్దెనిమిదేళ్ళ శిక్ష పడింది. కొట్టినందుకు డెల్ఫీన్ కూడా రెండేళ్ళు లోపలున్నాడు. తల్లి పెద్దకొడుకుతో మాట మానేసింది. బల్ల మీద రొట్టె పెట్టేది, బీన్స్ పెట్టేది, మాట మాత్రం లేదు. సొంత తమ్ముణ్ణి పట్టిచ్చినవాడని కొందరు, అరగంట ఆలస్యం చేసి మనిషి కన్ను తీసినవాడని కొందరు. ఒనోఫ్రే రెండూ నిజమే అనేవాడు. ఆ అరగంట గురించి మాత్రం బెలార్మినోకి క్షమాపణ చెప్పుకోవడానికి వెళ్ళాడు. గుమ్మంలో నిలబడి టోపీ తీసి మాట వెతుక్కుంటుంటే, బెలార్మినో "లోపలికి రా అన్నా, గుడ్డు అట్టు చల్లారిపోతోంది" అన్నాడట. అంతే.

వంకరతిరిగిన చెయ్యితో ఒనోఫ్రే గేరు మార్చలేడు. అందుకని జైలుకి తీసుకెళ్ళింది బెలార్మినోనే, ఒంటికన్నుతో నడుపుతూ, నెలకోసారి, మూడు గంటల దారి. మొదటిసారి నబోర్ బయటికి రాలేదు. రెండోసారీ రాలేదు. మూడోసారి కూడా గార్డు ఒంటరిగానే తిరిగొచ్చాడు. ఒనోఫ్రే ప్రతిసారీ ములాఖాత్ గదిలో అడ్డుగా ఉన్న అద్దం ముందు కుర్చీలో గంట నిండేదాకా కూర్చుని జపమాల చెప్పుకుని లేచేవాడు.

నాలుగోసారి నబోర్ వచ్చాడు. చాలాసేపు అన్న చెయ్యినే చూశాడు.

"స్పానర్ పట్టగలుగుతున్నావా?"

"లేదు."

"మరి పని?"

"బెలార్మినో పడతాడు. నేను చెప్తా, వాడు బిగిస్తాడు."

నబోర్ అద్దం అవతల తలవంచుకున్నాడు. "బయట ఉన్నాడా?"

"ఉన్నాడు."

"వచ్చేసారి లోపలికి తీసుకురా" అన్నాడు.