జాలీ ఊడిన జపాన్ బండి

పాత కార్ల గురించి ఎవరైనా ముచ్చటగా మాట్లాడుతుంటే నేను అక్కడినుంచి లేచిపోతాను. నాకూ ఒకటి ఉండేదని తెలిసినవాళ్లు ఇంకా ఏదో అడుగుతారు. చెప్పాలనిపించదు. ఇవాళ రాస్తున్నాను కాబట్టి మొదటినుంచీ రాస్తాను.

ఇబ్రహీంపట్నంలో, బస్ డిపోకు కాస్త ఇవతల, నాకు బోరు మోటార్ల వైండింగ్ దుకాణం ఉంది. కాలిపోయిన మోటారు విప్పి, పాత రాగి తీగ పీకేసి, కొత్త తీగ చుట్టడం నా పని. హైదరాబాద్ మావైపు పరుగెత్తుకొస్తున్న రోజులవి. సాగర్ రోడ్డు పొడుగునా వెంచర్ల జెండాలు, కమాన్లు. ప్రతి వెంచర్‌లో ఒక బోరు, ప్రతి బోరుకూ ఒక మోటారు, వోల్టేజీ నిలకడ లేక అవి కాలిపోవడం. అందరిలాగే నా చేతిలోనూ నాలుగు రూపాయలు ఆడాయి. నా ఈడువాళ్లు ప్లాట్లు కొన్నారు. నేను కారు కొన్నాను.

అది దొరికింది మలక్‌పేటలో. తీగ కొనడానికి సిటీకి వెళ్లినప్పుడు తెలిసినాయన ఒకరు, వాళ్ల పక్కింట్లో సంపు మోటారు పాడైందని చూడమన్నాడు. ఆ ఇంటాయన జాంబియా రాగి గనుల్లో చాలాకాలం ఇంజనీరుగా చేసి వచ్చినవాడు. మోటారు బాగుచేసి చేతులు కడుక్కుంటుంటే గేటు పక్కన టార్పాలిన్ కింద ఒక కారు మూతి కనపడింది. గుండ్రటి జంట లైట్లు, వాటి మధ్య వెండిలా మెరిసే జాలీ.

"ఏం చూస్తున్నవ్?" అన్నాడు ఆయన.

"బండి బాగుంది సార్."

"బండి బాగనే ఉంది. నా కండ్లే బాగలెవ్వు. డాక్టర్ నడపొద్దన్నడు." టార్పాలిన్ ఆయనే లాగాడు. "జపాన్‌ది. నా ఎంబడి ఓడల వచ్చింది. కొంటమని వస్తున్నరు గని అందరు ఇంజన్ కోసమే. ఇంజన్ ఊడబెరికి ట్రాలీకి ఏస్తరట. నువ్వు కొంటే ఏం జేస్తవ్?"

కొనాలని నేను అనలేదు. అయినా నా నోట్లోంచి జవాబు వచ్చేసింది. "నడుపుత సార్."

ఆయన నన్ను స్టీరింగ్ దగ్గర ఎక్కించి, తాను పక్క సీట్లో కూర్చుని, వీధి చివరిదాకా నడపమన్నాడు. కొత్త చిన్నకార్లను ముందు చక్రాలు లాక్కుపోతాయి. ఇందులో ఇంజన్ ముందున్నా, కింద పొడుగాటి షాఫ్ట్ వెనక్కి పోయి వెనక చక్రాలను తిప్పుతుంది. యాక్సిలరేటర్ మీద కాలు ఆనించగానే ఎవరో వీపు మీద అరచెయ్యి పెట్టి మెల్లగా నెట్టినట్టయింది. "వానలో జర పైలం. మలుపుల తోక ఊగుతది. బ్రేక్ కొట్టకు, కాలు తీసెయ్, స్టీరింగ్ అది పోయినదిక్కే తిప్పు," అన్నాడాయన. ఆ మాట నాకు తర్వాత నిజంగా పనికొచ్చింది.

కారు ఇంటికి తెచ్చిన రోజు నా భార్య గేటు దగ్గరే నిలబడి చూసింది.

"మంది జాగలు కొంటున్నరు. నువ్వు పాత ఇనుము కొన్నవ్."

"ఒక్కసారి ఎక్కి చూడరాదు."

"ఎక్కుత గని, నడుమ ఆగితె నేను నూకనని ముందే చెప్తున్న."

అది ఎక్కడా ఆగలేదు. యాచారంలో వాళ్ల అమ్మగారింటికి వెళ్లాం. దారిలో వాన పట్టింది. చెరువు దాటాక మలుపులో బండి వెనకభాగం ఒక్కసారి పక్కకు జారింది. కాలు తీసి, స్టీరింగ్ అటే తిప్పాను. బండి తనంతట తానే సర్దుకుంది. ఆమె నా చెయ్యి గట్టిగా పట్టుకుని, "మళ్ల ఒకసారి జెయ్యి," అంది నవ్వుతూ. ఆ రోజు మా ఇద్దరికీ మధ్య పెళ్లయిన కొత్తలో కూడా లేని ఒక చనువు వచ్చింది. ఆ సంగతి రాయకుండా ఉండలేను. ఆ తర్వాతివన్నీ రాయడానికి చేదుగా ఉన్నాయి.

బండిలో చిన్న లోపాలుండేవి. డాష్‌బోర్డులో గుండ్రటి గడియారం ఆగిపోయి ఉంది. విప్పి చూస్తే లోపల చిటికెన వేలి గోరంత కాయిల్ కాలిపోయింది. వెంట్రుకంత సన్నటి తీగతో దాన్ని నేనే చుట్టాను. ముందు జాలీలో ఎడమవైపు ఒక కమ్మీ విరిగి ఉంటే ఇత్తడితో అతికి, గీకి, నున్నగా చేశాను. అతుకు సన్నటి పసుప్పచ్చ గీతలా నాకు మాత్రమే కనపడేది. దసరాకు బండి కడిగి, బంతిపూల దండ వేసి, నిమ్మకాయలు తొక్కించి ఊరంతా తిప్పాను. బస్టాండు దగ్గర దాన్ని చూసి ఎవరో "జపాన్ బండి" అన్నారు. ఆ పేరే నిలిచింది.

బొంగులూరు దగ్గర టీ కొట్టులో నాకు ఇంకొకాయన పరిచయమయ్యాడు. టీ తాగి బయటికొచ్చేసరికి తెల్ల చొక్కా, తెల్ల ప్యాంటు వేసుకున్న మనిషి నా కారు ముందు గొంతు కూర్చుని జాలీని నిమురుతున్నాడు. ముందు కోపమొచ్చింది. ఆయన లేచి నన్ను కౌగిలించుకున్నాడు.

"తమ్మీ, గిదే బండి నా కాడ ఉంది. అచ్చం గిదే. ఇన్ని దినాలు నాకొక్కనికే పిచ్చి అనుకున్న."

పెద్ద అంబర్‌పేట్ దగ్గర ఆయనకు భూములున్నాయి. రింగు రోడ్డు వస్తుందన్న మాటతో అవి బంగారమయ్యాయి. వెంచర్లు వేశాడు. ఫామ్‌హౌస్‌లో పాత కార్లు పెంచుతున్నాడు. నిజంగానే పెంచుతున్నాడనాలి, ఒక్కోదానికి ఒక్కో షెడ్డు, షెడ్డుకో ఫ్యాను. నా బండికి తోడబుట్టినట్టున్న బండి ఒకటి ఆయన దగ్గర ఉంది, కాని ముందు జాలీ లేదు, గడియారం లేదు, వెనక లైట్లు ఏదో వేరే బండివి.

ఆదివారాలు అక్కడికి వెళ్లడం అలవాటైంది. ఆయన నా భుజం మీద చెయ్యేసి నడిచేవాడు. ఒకే కంచంలో మటన్ తిన్నాం. బండి గురించి మాట్లాడుకోవడానికి అప్పటిదాకా నాకు ఎవరూ లేరు. దుకాణానికి వచ్చేవాళ్లు మోటారు ఎప్పుడిస్తావనే తప్ప ఇంకో మాట అడగరు. అంత పెద్దమనిషి నన్ను తమ్మీ అని పిలుస్తుంటే, ఫోన్ చేసి "ఏం జేస్తున్నవ్, రారాదు" అంటుంటే, నేను కరిగిపోయాను. దాంట్లో దాచుకునేదేమీ లేదు.

మొదట గడియారం అడిగాడు. "బొంబాయిల ఒకడున్నడు, అచ్చం గిసొంటిదే చేసిస్తడట. చూపిచ్చి తెప్పిస్త." ఇచ్చాను. తర్వాత వెనక లైట్లు. "వీటి అద్దాలకు అచ్చు తీపిస్త తమ్మీ, నీవి నీకే." ఇచ్చాను. తర్వాత డిక్కీ మీది మోనోగ్రాం, తలుపుల బీడింగు. చివరికి జాలీ. జాలీ విప్పుతున్నప్పుడు నా చేతులు కొంచెం ఆగాయి. ఆయన చూశాడు.

"ఏందిరా, నమ్మకం లేదా నా మీద?"

ఆ 'రా' నాకు ప్రేమలా వినపడింది. స్క్రూలు విప్పి ఆయన చేతిలో పెట్టాను.

జాలీ లేని మూతిలోంచి రేడియేటర్ బయటపడి, బండి పళ్లూడిన మనిషిలా కనపడేది. వెనకకు ఆటో లైట్లు రెండు బిగించాను. నా భార్య దాంట్లో ఎక్కడం మానేసింది.

"గాయిన ఇప్పటిదాంక ఏదన్న తెచ్చి ఇచ్చిండా?"

"ఇస్తడు. చేపిస్తున్నడు."

"గడియారం పోయి ఎన్ని పండుగలైనయి? నీకు అడగనీకి సిగ్గయితె నేనడుగుత."

"నువ్వు మధ్యల రాకు. మా ముచ్చట నీకు తెల్వది."

ఆమె చీపురు తీసుకుని వాకిలి ఊడవడం మొదలుపెట్టింది, పొద్దున ఒకసారి ఊడ్చిన వాకిలినే.

ఆ చలికాలంలో సిటీలో పాత కార్ల ప్రదర్శన జరిగింది. ఆయనే పిలిచాడు, "రా తమ్మీ, చూద్దువు." నా బండిలోనే వెళ్లాను. గేటు దగ్గర టోపీ పెట్టుకున్న కుర్రవాడు బండి మూతి చూసి, లోపలికి రానివ్వక, రోడ్డవతల పెట్టుకోమన్నాడు. పెట్టి, నడిచి లోపలికి వెళ్లాను.

ఆయన బండి పచ్చిక మీద నిలబడి ఉంది. ముదురు ఎరుపు రంగు, ముందు రిబ్బను. చుట్టూ ఫొటోలు తీసుకునేవాళ్లు. నేను దగ్గరికి వెళ్లి ముందుగా జాలీ ఎడమవైపు చూశాను. పసుప్పచ్చ గీత అక్కడే ఉంది. కిటికీలోంచి వంగి చూశాను. గడియారం నడుస్తోంది. నేను చుట్టిన కాయిలే దాన్ని నడిపిస్తోందని అక్కడ నాకు తప్ప ఎవరికి తెలుసు?

ఆయన నన్ను చూశాడు. మొహంలో ఏ మార్పూ లేదు. పక్కనున్న సూట్ల వాళ్లకు నన్ను చూపిస్తూ, నాతో ఎప్పుడూ మాట్లాడని పుస్తకాల భాషలో అన్నాడు: "ఈయన మా మెకానిక్ అండీ. చాలా బాగా చేస్తాడు."

నేను నొచ్చుకున్నది మెకానిక్ అన్నందుకు కాదు. మోటార్లు బాగుచేసుకుని బతికేవాణ్ని, ఆ మాట నాకు తిట్టు కాదు. దాని ముందున్న 'మా' నాకు గుచ్చుకుంది. సూటాయన చెయ్యి కలిపి, "ఎక్కడ మీ షెడ్డు?" అన్నాడు. నేను "ఇబ్రహీంపట్నం సార్" అన్నాను.

జనం పలచబడ్డాక ఆయన్ని పక్కకు పిలిచాను. "అన్నా, జాలీ నాదే గద."

"అవ్, నీదే. ఎవలు కాదన్నరు?"

"అచ్చు తీపిచ్చి ఇస్తనంటివి."

ఆయన నా భుజం మీద చెయ్యి వేశాడు, ఎప్పటిలాగే. "తమ్మీ, నీ కాడ ఉంటె ఎవడు జూస్తడు? డిపో కాడ పల్లీలమ్మెటోడు చూస్తడు. ఈడ చూడు ఎంతమంది చూస్తున్నరో. నువ్వు సంతోషపడాలె." అంటూనే ఎవరో పిలిస్తే నవ్వుకుంటూ వెళ్లిపోయాడు.

నా బండి రోడ్డవతల ఎండలో ఉంది. ఎక్కి ఇంటికొచ్చాను. నా భార్య నా మొహం చూసి అన్నం పెట్టింది. 'నేను ముందే చెప్పలే?' అని ఆమె ఒక్క మాట అన్నా బాగుండేది.

తర్వాత ఫామ్‌హౌస్‌కు వెళ్లినప్పుడల్లా సార్ లేడని వాచ్‌మన్ చెప్పేవాడు. లోపల కారు కడుగుతున్న చప్పుడు వినపడుతుండేది. కేసు పెడదామా అని తెలిసిన లాయరును అడిగితే, "నువ్వే విప్పి ఇచ్చినవ్, ఏమని రాయమంటవ్?" అని నవ్వాడు.

ఎండాకాలం వచ్చింది. ఒక పొద్దున ఆయన తెల్ల జీపు మా దుకాణం ముందు ఆగింది. చేతిలో స్వీటు డబ్బా. ఆయన బండి వెనక ఇరుసు మధ్యలో, హౌసింగ్ అనే ఇనుప డొల్లలో ఉండే పళ్ల చక్రం విరిగిపోయింది. వెనక చక్రాలతో నడిచే బండికి అదే ప్రాణం. ఎక్కడా దొరకడం లేదట.

"పాత ముచ్చట్లు మనసుల పెట్టుకోకు తమ్మీ. బండి మొత్తం నాకే ఇచ్చెయ్. నువ్వు ఎంతంటె గంత."

"చూస్తనన్నా," అన్నాను.

ఇంట్లో చెబితే నా భార్య వెంటనే, "ఇచ్చెయ్. పైసలు తీస్కో. గా దరిద్రం పోతది," అంది. ఆమె మాట సరైనదే. అది సరైనదని నాకూ తెలుసు. మరునాడు ఆమె యాచారం పోయినప్పుడు పాత ఇనుము కొనేవాణ్ని పిలిపించాను. వాడు గ్యాస్ కటింగ్ మనిషిని తెచ్చాడు.

"ముందు వెనక హౌసింగ్ కొయ్యి," అన్నాను. "నడిమికి."

వాడు నా వైపు అనుమానంగా చూశాడు. "అన్నా, గది మంచిగున్నది. ఒక్కటే అమ్మినా..."

"కొయ్యమన్న."

నీలం మంట తగలగానే నూనె కాలిన వాసన వచ్చింది. హౌసింగ్ రెండు ముక్కలై నేల మీద పడింది. ఆ తర్వాత తలుపులు, కప్పు, డిక్కీ. నా కసి తీరుతుందనుకున్నాను. చూస్తూ నిలబడ్డాను కాని నాలో ఏదీ తీరలేదు. సగంలో ఆపమని అందామనిపించింది, అప్పటికే ఆపడానికి ఏమీ మిగల్లేదు. ముక్కలన్నీ ట్రాలీలో ఎత్తుకుపోయారు. సాయంత్రం నా భార్య వచ్చి ఖాళీ వాకిలి చూసింది.

"ఇచ్చినవా?"

"ముక్కలు కోపిచ్చిన."

ఆమె గడప మీద కూలబడింది. "నేను ఎక్కిన బండి అది," అంది. నా బండి అనుకున్నాను గాని, అందులో ఆమెది కూడా ఉందని నాకు అప్పటిదాకా తోచలేదు.

సంగతి తెలిసి ఆయన ఫోన్ చేశాడు. "పిచ్చోనివా? నాకు ఇయ్యనందుకు నీ బండి నువ్వే కోసుకుంటవా?" అన్నాడు. కోపంకంటే ఆశ్చర్యమే ఎక్కువుంది ఆ గొంతులో. నేను పెట్టేశాను. ఆయనకు జరిగిన నష్టం కూడా ఏమీ లేదు. కొచ్చిన్‌లో ఎవరి దగ్గరో హౌసింగ్ దొరికిందని, తెప్పించుకున్నాడని నెల తిరక్కుండానే విన్నాను.

రింగు రోడ్డు తయారయ్యాక ఒకసారి బొంగులూరు సిగ్నల్ దగ్గర స్కూటర్ మీద ఆగి ఉన్నాం, నేనూ నా భార్యా. కాళ్ల దగ్గర బాగుచేసిన మోటారు. పక్కన ముదురు ఎరుపు బండి వచ్చి ఆగింది. అద్దం దిగింది. ఆయన నవ్వి, చెయ్యి ఊపాడు, పాత స్నేహితుడికి ఊపినట్టు. నా చెయ్యి దానంతట అదే లేచింది. నేనూ ఊపాను. పచ్చ లైటు పడగానే బండి వెనక చక్రాల మీద కొంచెం కుంగి, ముందుకు వెళ్లిపోయింది.

"ఎవలు?" అంది నా భార్య వెనకనుంచి.

ఆమె ఆ జాలీని చూసిందని నాకు తెలుసు.

"ఎవలో," అన్నాను. ఆమె నా భుజం మీదున్న చెయ్యి తీసేసి, వెనకనున్న స్టెప్నీని పట్టుకుంది.