పోట్లాడుకోవడానికి ఒక భాష

మొన్న ఆదివారం మెల్‌బోర్న్ శివార్లలో మా క్లైడ్ నార్త్ ఇంటి పెరట్లో గ్రెలోస్ మొక్కలు పూతకొచ్చాయి. చూడడానికి అచ్చం ఆవమొక్కల్లా ఉంటాయి. పసుపుపచ్చ పూలు, కాస్త చేదుగా ఉండే ఆకు. యూనివర్సిటీకి సెలవులని ఇంటికొచ్చిన మా అమ్మాయి కాఫీ కప్పుతో పెరట్లోకి వచ్చి వాటిని చూసి, "మమ్, దీజ్ ఆర్ జస్ట్ వీడ్స్, రైట్? పీకేయనా?" అంది. నాకు తెలియకుండానే నా నోట్లోంచి, "ఒగ్గీ! దాని జోలికెల్లకు!" అని వచ్చేసింది. "వాట్?" అని నా మొహంలోకి చూసింది. దానికి తెలుగు బాగానే అర్థమవుతుంది గానీ ఆ తెలుగు అర్థం కాదు. అది శ్రీకాకుళం పక్క పల్లెలో మా అమ్మ మాట్లాడిన తెలుగు. నేను పలికి ఎన్నాళ్ళయిందో నాకే గుర్తులేదు. ఆ మొక్కల విత్తనాలు నాకిచ్చిన ఇంటావిడ అప్పుడు గుర్తొచ్చింది.

వైటూకే రోజుల మాట ఇది. ప్రపంచంలోని కంప్యూటర్లన్నీ రెండువేల సంవత్సరం పుట్టిన నాడు మతి తప్పి పడిపోతాయని అందరూ హడలిపోతున్న కాలం. మా బంధువుల్లో కీబోర్డు మీద చెయ్యి వేసిన ప్రతివాడూ విమానం ఎక్కేశాడు. ఆ ఊపులో నేనూ ఎక్కాను. మెల్‌బోర్న్‌లో ఒక ఇన్సూరెన్స్ కంపెనీవాళ్ళ పాత ప్రోగ్రాములు తిరగేసి, సంవత్సరానికి రెండంకెలున్న చోటల్లా నాలుగంకెలు చెయ్యడం నా పని. ఊక దంచినట్టుండే ఉద్యోగం. మా టీములో తెలుగువాళ్ళు లేకపోలేదు. మొదటివారం నేను "ఏటి?" అన్నానో లేదో, విజయవాడ అమ్మాయి ఒకతె పకపకా నవ్వి, "ఇంకోసారి అనండి ప్లీజ్, సో క్యూట్!" అంది. పాపం, ప్రేమగానే అంది. ఆ ప్రేమకే నాకు చచ్చేంత సిగ్గేసింది. నెల తిరక్కుండా "ఏమిటండీ" లోకి దిగిపోయాను. ఆ తర్వాత రోజంతా ఎవరితో మాట్లాడినా ఒకరి చెప్పులు తొడుక్కుని నడుస్తున్నట్టే ఉండేది.

పోనీ అమ్మతోనైనా తనివితీరా మాట్లాడదామంటే అక్కడ ఇంకో కథ. ఊళ్ళో మా ఇంట్లో ఫోన్ లేదు. వీధి చివర మందుల షాపుకి చేసి, అమ్మని పిలవమని చెప్పి, కాసేపాగి మళ్ళీ చెయ్యాలి. అమ్మ ఉతికిన చీర కట్టుకుని, తల దువ్వుకుని వచ్చేది. షాపువాడూ, మందులకొచ్చిన వాళ్ళూ వింటూ ఉండగా ఆస్ట్రేలియా ఫోన్‌లో మాట్లాడడమంటే మాటలా! అందుకని రేడియోలో వార్తలు చదివే ఆవిడలా గొంతు సవరించుకుని, "అమ్మాయీ, కుశలమేనా? వేళకు భోజనము చేయుచున్నావా? ఇక్కడ అందరమూ క్షేమము" అనేది. నా ఒంట్లో ప్రాణం ఉసూరుమనేది. ఫోన్ కార్డులో డబ్బులు అయిపోయేదాకా క్షేమసమాచారాలు మార్చుకుని పెట్టేసేవాళ్ళం. ఫోన్ పెట్టేశాక అసలు అమ్మతో మాట్లాడానా అని నాకే అనుమానంగా ఉండేది.

నేను అద్దెకున్న గది ఒక ముసలావిడ ఇంట్లో. రైలు లైను చివర్లో పాత చెక్క ఇల్లు. ఆవిడ స్పెయిన్ నుంచి వచ్చిందన్నారు కాబట్టి ఆవిడది స్పానిష్ భాషే అనుకున్నాను. ఆ ముక్క అన్న రోజు నా మీద గరిటె ఎత్తినంత పని చేసింది. తనది గలీసియా అట, వానలు తెగ కురిసే మూల అట, తన భాష గలేగో అట. స్పానిష్ బళ్ళోదీ, పోలీసులదీ, చర్చిలో ఫాదర్‌దీ. బళ్ళో గలేగో ముక్క దొర్లితే అరచేతి మీద బెత్తం పడేదట. కొన్నాళ్ళకి రెండింటికీ తేడా నాకు గోడ అవతల నుంచే తెలిసిపోయేది. పక్కింటి స్పానిష్ వాళ్ళతో మాట్లాడేటప్పుడు టకటకా నిటారుగా మాట్లాడేది. ఆదివారం పొద్దున ఊళ్ళో చెల్లెలికి ఫోన్ చేసినప్పుడు మాత్రం గొంతు సాగేది, పాటలా ఊగేది, మధ్యలో 'ష' శబ్దాలు గలగలమనేవి. ఆ కాసేపూ ఇల్లంతా ఇంకొకరిదైపోయేది. నేను నా గదిలో ఇడ్లీపిండి కలుపుతూ, ముక్క అర్థం కాకపోయినా, చెవి ఒగ్గి వినేదాన్ని. కుళ్ళుకునేదాన్ని కూడా.

చలికాలమంతా ఆవిడ గ్రెలోస్ ఆకుతో, బంగాళాదుంపలతో, తెల్ల బీన్సుతో పులుసులాంటిది కాచేది. నేను అదే ఆకుని కందిపప్పులో వేసి, ఎండుమిరపకాయ, వెల్లుల్లి తాలింపు పెట్టి ఇచ్చాను. కళ్ళు మూసుకుని తిని, "ఇది మా ఆకుకి పెళ్ళి చేసినట్టుంది" అంది. మా ఇద్దరివీ రెండు రకాల వచ్చీరాని ఇంగ్లీషులు. అయినా వంటింట్లో సరిపోయేవి.

ఎండలు ముదిరి విత్తనం కోతకొచ్చింది. దాంతోపాటే వైటూకే భయమూ ముదిరింది. ఆవిడ కొవ్వొత్తులూ, డబ్బా చేపలూ, నీళ్ళ క్యాన్లూ కొని మంచం కింద పేర్చింది. ఒకరోజు నన్ను వంటింట్లో కూర్చోబెట్టి, "నువ్వు కంప్యూటర్ మనిషివి. నిజం చెప్పు. ఆ రోజు తర్వాత మా ఊరికి ఫోన్ కలుస్తుందా?" అంది. బయటివాళ్ళకి ఏ హామీలూ ఇవ్వొద్దని మాకు ఆఫీసులో మరీ మరీ చెప్పారు. "ఏమీ కాదనే అనుకుంటున్నాను" అన్నాను. ఆ 'అనుకుంటున్నాను' ఆవిడ ప్రాణం తీసింది. మొహం వాడిపోయింది. "ఫోన్ పోతే నేను ఎవరితో మాట్లాడాలి?" అంది. అది ఫోన్ గురించి అడిగిన ప్రశ్న కాదని నాకు తెలుసు.

"వెనకవీధావిడ ఉంది కదా?" అన్నాను. ఆవిడదీ గలీసియాయే. ఇద్దరూ ఒకే ఓడలో వచ్చారు, ఒకే బిస్కెట్ల ఫ్యాక్టరీలో పక్కపక్కన నిలబడి ఏళ్ళకేళ్ళు పనిచేశారు. అప్పటికీ స్పానిష్ వాళ్ళ క్లబ్బులో కనబడితే రెండు బుగ్గల మీదా ముద్దులు పెట్టుకుని, ఆరోగ్యం ఎలా ఉందని ఒకరినొకరు అడిగేవారు. ఆ అడగడం స్పానిష్‌లో.

ఇంటావిడ బల్ల తుడవడం మొదలుపెట్టింది. తుడుస్తూనే చెప్పింది. "మా ఆయన ఈ ఇంట్లో ఒక్క ముక్క స్పానిష్ మాట్లాడలేదు. ఆయన పోయినప్పుడు చర్చిలో నాలుగు మాటలు చెప్పమని దాన్నే అడిగాను. అది కొత్త కోటు వేసుకొచ్చి, శవపేటిక ముందు నిలబడి, ఆయనకి స్పానిష్‌లో వీడ్కోలు చెప్పింది. ఆయనకి చెప్పలేదు, క్లబ్బు ప్రెసిడెంటుకి చెప్పింది. ఆ రోజు నుంచి నేనూ దానితో స్పానిష్‌లోనే మాట్లాడుతున్నాను."

నాకు మందుల షాపు గుర్తొచ్చింది. ఫోన్ ముందు మా అమ్మ ఎలా మాట్లాడుతుందో చెప్పాను. ఉతికిన చీర సంగతి, వార్తల గొంతు సంగతి. మా వైపు నలుగురిలో నిలబడి మాట్లాడాలంటే ఇంట్లో మాట మర్యాద కాదనుకుంటారనీ, ఎంత ముఖ్యమైన సందర్భమైతే అంత పరాయి మాట తెచ్చుకుంటారనీ చెప్పాను. ప్రేమ లేక కాదు, ఉన్నదాంట్లో మంచిది కట్టుకుని వస్తారు.

"నీకు కోపం రాదా?" అంది.

"ఏడుపొస్తుంది" అన్నాను.

ఆవిడ తుడిచిన బల్లనే మళ్ళీ తుడిచింది. కానీ ఆ ఏడాది చివరిరోజున, రాత్రికి ఆఫీసులో నా కాపలా డ్యూటీ ఉంది కాబట్టి పగలు నేను ఇంట్లోనే ఉంటే, మధ్యాహ్నం నా గది తలుపు కొట్టింది. చేతిలో విత్తనాల పొట్లం. ఏటా విత్తనం తీయగానే మొదటి పొట్లం వెనకవీధికే వెళ్ళేదట, ఆయన పోయిన దగ్గర్నుంచి ఆపేసిందట. "ఒక్కదాన్నే అయితే గేటు దగ్గర్నుంచి తిరిగొచ్చేస్తాను, నువ్వు రా" అంది.

వెనకవీధావిడ తలుపు తీసి, మమ్మల్ని చూసి, బుగ్గలు ముందుకు చాచి, టకటకా స్పానిష్‌లో ఆహ్వానించింది. మా ఇంటావిడ బుగ్గ ఇవ్వలేదు. పొట్లం ఆవిడ చేతిలో పెట్టి ఊగే గొంతుతో ఏదో అంది. ఆవిడ కుర్చీలు చూపిస్తూ మళ్ళీ స్పానిష్‌లోనే జవాబిచ్చింది. ఈవిడ అదే మాట ఇంకా గట్టిగా అంది. ఆవిడ మొహం కందగడ్డయింది. పొట్లం బల్ల మీద విసిరికొట్టింది. అంతే, నోరు తెరిచింది! ఆ సాగే గొంతు, ఆ 'ష'లు, కట్ట తెగినట్టు వచ్చిపడ్డాయి. ఇద్దరూ ఎదురెదురుగా నిలబడి చేతులు తిప్పుతూ అరుచుకున్నారు. ఒకావిడ ఏడ్చింది, రెండో ఆవిడ తిట్టింది, మళ్ళీ ఆవిడ తిట్టింది, ఈవిడ ఏడ్చింది. నేను సోఫా అంచున చేతులు ఒళ్ళో పెట్టుకుని కూర్చున్నాను. నాకు ఒక్క ముక్క తెలియదు. కానీ జీవితంలో ఎప్పుడూ అంత ఒంటరిగా కూర్చోలేదు. వాళ్ళ సంతోషానికి అడ్డమని లేచి వచ్చేశాను. వాళ్ళు చూడను కూడా లేదు.

ఖాళీ ఇంటికొచ్చి మందుల షాపుకి ఫోన్ చేశాను. కాసేపాగి మళ్ళీ చేశాను. "అమ్మాయీ, కుశలమేనా?" అంది అమ్మ. నాకు ఏ బుద్ధి పుట్టిందో తెలియదు.

"అమా, నా పట్టుసీర వదినకిచ్చీసినావంట, నిజివేనా?" అన్నాను. నాకెవరూ చెప్పలేదు, అప్పటికప్పుడు కల్పించాను.

అవతల వార్తల గొంతు ఆగిపోయింది.

"ఓలమ్మో! ఏటే గుంటా, ఎవులు సెప్పినారే నీకు? నీ సీర నానెవులికిస్తానే? పెట్లోనే ఉన్నాది. కలరా ఉండలేసి దాసినాను. సముద్రాలు దాటెల్లిపోనావు గానీ నీ బుద్దెక్కడికెల్లిపోనాదే?"

షాపులో ఎవరో నవ్వారు. అమ్మ వాళ్ళనీ తిట్టింది. నేను రిసీవర్ చెవికి అదుముకుని, కళ్ళు కారిపోతుండగా, "ఇంకా" అనుకుంటూ విన్నాను. కార్డు అయిపోయేదాకా నన్ను తిడుతూనే ఉంది.

సాయంత్రం ఇంటావిడ బొంగురుపోయిన గొంతుతో తిరిగొచ్చింది. వెనకవీధావిడ చిన్నప్పుడు మాడ్రిడ్‌లో ఒక ఇంట్లో పనికుందట. ఆ గలేగో నోటితో పదిమందిలో మాట్లాడొద్దని ఆ ఇంటి యజమానురాలు అనేదట. ఆయనలాంటి మంచి మనిషిని సాగనంపేటప్పుడు మంచి నోటితో పంపాలనుకుందట. "పిచ్చిది" అంది ఇంటావిడ. ఆ రాత్రి కంప్యూటర్లకి ఏమీ కాలేదు. ఫోన్లూ పోలేదు. అయినా ఆవిడ మర్నాటి నుంచి రోజూ వెనకవీధికి వెళ్ళేది. గది ఖాళీ చేసేటప్పుడు నాకూ ఒక పొట్లం ఇచ్చింది.

ఇప్పుడు వాళ్ళిద్దరూ లేరు. అమ్మా లేదు. ఏటా విత్తనం తీసి మళ్ళీ చల్లుతుంటాను. మొన్న పెరట్లో మా అమ్మాయి "వాట్?" అన్నాక నాకు పాత బుద్ధి పుట్టింది. నడుం మీద చెయ్యేసుకుని, "ఏటే, మొక్కకీ పిచ్చిమొక్కకీ తేడా తెల్దేటి నీకు? ఇందుకేనేటి నిన్ను సదివించినాను?" అని అరిచాను. జవాబు కోసం ఆశగా నిలబడ్డాను. అది నన్ను దగ్గరికి తీసుకుని, "ఓకే మమ్, సారీ, నో వర్రీస్" అని కప్పు పట్టుకుని లోపలికి వెళ్ళిపోయింది. బంగారంలాంటి పిల్ల, ఎదురు మాట్లాడదు. వయసు పైబడే కొద్దీ మనల్ని ప్రేమించేవాళ్ళు ఏ దేశంలోనైనా దొరుకుతారు గానీ, మన మాటలో మనల్ని తిట్టేవాళ్ళు మాత్రం ఒక్కొక్కరే వెళ్ళిపోతారు.