ఇరవై రోజుల ఆలస్యం

గదిలో ఉన్నవి: ఒక విచారణ అధికారి, ఒక గుమాస్తా, రెండు ఇనుప బీరువాలు, తిరగని ఫ్యాను, మా అమ్మ, నేను, ముప్పై ఏడు పేజీల ఫైలు. అమ్మ ఒళ్లో బట్ట సంచి, అందులో పాత పంచాంగం.

అది మేడ్చల్‌లో నీటిపారుదల శాఖ ఆఫీసు. అమ్మ అక్కడే అటెండరు. ఆ రోజు మాత్రం ఆమెకు కుర్చీ వేశారు. మా నాయిన షామీర్‌పేట చెరువు తూములు తెరిచి మూసే లస్కరుగా ఉంటూ చనిపోయాడు. ఆయన బదులు అమ్మకు ఉద్యోగం ఇచ్చి ఏడేళ్లయింది. ఇలాంటి నియామకాల మీద ఎవరో హైకోర్టుకు వెళ్లారు. ఒక్కో ఫైలూ చూసి నివేదిక ఇవ్వమని కోర్టు శాఖను ఆదేశించింది. మా డివిజన్ జాబితాలో పద్నాలుగు పేర్లు. నిబంధన తప్పినట్టు తేలితే ఉద్యోగం పోతుంది.

అధికారి సుచిత్ర చౌరస్తా దగ్గరి కాలనీలో ఉండే కోస్తా మనిషి.

"ఏవమ్మా, ఏడాదిలోపు దరఖాస్తు పెట్టాలి కదా. నువ్వు మూడు వందల ఎనభై అయిదో రోజున పెట్టావు. ఇరవై రోజులు ఏం చేశావు?"

"సంవత్సరీకం అయిన తెల్లారే పెట్టిన సారు," అంది అమ్మ.

నాయిన పోయిన నెలకే ఈ గుమాస్తా ఇంటికొచ్చి గడువు సంగతి చెప్పాడు. అవ్వ, నాయిన వాళ్లమ్మ, ఒప్పుకోలేదు. "కొడుకు సంవత్సరీకం గాకముందే వాని నౌకరి అడుగుతమా? ఎప్పుడు పోతడా అని చూసినట్టుంటది." సంవత్సరీకం తిథిని బట్టి చేస్తారు. మామూలుగా అది తేదీకంటే పదకొండు రోజులు ముందే వస్తుంది. అందుకే గుమాస్తా కూడా సరేనన్నాడు. ఆ ఏడు అధిక మాసం వచ్చింది. తిథి తేదీకంటే పంతొమ్మిది రోజులు వెనక పడింది. ఎవరూ లెక్క చూడలేదు. నేను అప్పుడు తొమ్మిదో తరగతి.

అధికారి చాయ్‌కి లేచి వెళ్లగానే గుమాస్తా ముందుకు వంగాడు.

"అక్కా, అప్పుడు జరమొచ్చిందని డాక్టరు కాగితం తేరాదు? సారు రాసుకుంటడు."

"ఏడేండ్ల కింది జరానికి గిప్పుడు కాగితం ఎవడిస్తడు తమ్మీ? నీకేమన్న జరముంటే నీ కాగితమే ఇయ్యి."

"నాకు నిన్ను జూస్తేనే జరమొస్తాంది," అన్నాడు గుమాస్తా. అమ్మ నవ్వలేదు.

విచారణ నాటికి నేను డిప్లొమా చదివాను. తిథి, తేదీ, తేడా అని మూడు గడులు గీసి, ఆ ఏడాది లెక్కంతా ఒక తెల్ల కాగితం మీద వేసి తెచ్చాను. అధికారి తిరిగి వచ్చాక దాన్ని పంచాంగం పక్కన పెట్టి, వేలితో వరుస వరుసా చూసుకున్నాడు. తప్పు దొరకలేదు.

"మా ఇంట్లోనూ తిథే చూస్తాం. కానీ నిబంధనలో తిథి లేదు బాబూ. కారణం రాస్తాను. తేల్చేది కోర్టు."

కాగితం మాత్రం ఫైలులో పెట్టాడు. అది ముప్పై ఎనిమిదో పేజీ.

నాలుగు నెలలు అమ్మ రోజూ పది నిమిషాలు ముందే ఆఫీసుకు వెళ్లింది.

కోర్టు ఉత్తర్వు ఆఫీసుకే వచ్చింది. గుమాస్తా చదివి వినిపించాడు. నెలలోపు ఆలస్యానికి, కారణం ఫైలులో ఉంటే, ఏళ్లుగా పనిచేస్తున్నవారిని తీసేయనక్కరలేదు. ఇంట్లో మరొకరికి సర్కారు ఉద్యోగం ఉన్న సంగతి దాచి పొందినవి మాత్రం రద్దు. అలాంటివి మూడు. వాటిలో ఒకటి, అమ్మతో రోజూ అన్నం డబ్బా పంచుకుని తినే ఆమెది.

అమ్మ ఆ సాయంత్రం డబ్బా విప్పకుండానే ఇంటికి తెచ్చింది.

పద్నాలుగులో పదకొండు మిగిలాయి.