కిరణిత అంటే అర్థం ఏంటండీ?

ఆ రోజుల్లో, పిఠాపురం దగ్గర మా ఊళ్ళో, ఆడపిల్లకి పేరు వెతుక్కోవడమనే బాధే ఉండేది కాదు. నాన్నమ్మ పేరు తయారుగా ఉండేది, పుట్టగానే తగిలించేసేవారు. అలా నేను సత్యవతినయ్యాను. (బళ్ళో హాజరు పిలిస్తే నాతోపాటు ఇంకో ఇద్దరు సత్యవతులు పలికేవారు. అన్నవరం స్వామి అంత దగ్గర్లో ఉంటే అంతే మరి!) ఆ పేరుతో నాకు ఏ పేచీ లేకపోయింది, ఒక వేసవి సెలవులకి రాజమండ్రి నుంచి మా బాబాయి, పిన్ని నాలుగేళ్ళ కూతుర్ని వెంటబెట్టుకుని దిగేదాకా.

దాని పేరు కిరణిత. విన్నవాళ్ళల్లా "ఎంత బావుందండీ! అర్థం ఏంటండీ?" అని అడగడం, బాబాయి కాలరు సర్దుకుని "నేను కిరణ్, తను సునీత. అర్థం మేమిద్దరమేనండి" అనడం, పిన్ని సిగ్గుపడడం. రోజూ ఇదే భాగోతం. నాకు ఒళ్ళు మండిపోయేది. నా పేరులో అమ్మా లేదు, నాన్నా లేడు. అదైనా సరిపెట్టుకునేదాన్నేమో గానీ, పిన్ని ఆ పేరుని పెరట్లోంచి, అరుగు మీంచి, నోట్లో పూతరేకు కరుగుతున్నట్టు పిలుస్తూనే ఉండేది. మా అమ్మ నాకు పదేళ్ళొచ్చినా ఒక్కసారి పేరు పెట్టి పిలిచిన పాపాన పోలేదు. "ఏమే", "ఇదిగో", "పిల్లా". అత్తగారి పేరు కోడలు నోటితో అనకూడదు కదా! కుళ్ళుతో నాకు మామిడిపళ్ళు కూడా రుచించలేదు.

ఒక మధ్యాహ్నం కంచం ముందు కూర్చోనని మొండికేశాను. "నాకూ మీ ఇద్దరి పేర్లూ కలిపి పెట్టండి. అమ్మ ఆ పేరుతో పిలిస్తేనే తింటాను" అన్నాను. నాన్న సరదాపడిపోయారు. ఆయన సూర్యారావు, అమ్మ నూకరత్నం. "నూకసూర్య ఎలా ఉందిరా?" అని తమ్ముణ్ణి అడిగారు. "బియ్యం మిల్లుకి పెట్టుకోవచ్చు అన్నయ్యా" అన్నాడు బాబాయి. చివరికి "సూర్యరత్న" అని తేల్చారు. నా ఆనందానికి పట్టపగ్గాల్లేవు. వెంటనే అమ్మ వైపు తిరిగి, "ఏదీ, పిలు!" అన్నాను.

అమ్మ బిక్కమొహం వేసింది. "అందులో మీ నాన్నగారి పేరుంది కదే! నేనెలా అంటాను?" (నిజమే. ఆకాశంలో ఉన్న సూర్యుణ్ణి కూడా ఆవిడ "ఆయన" అనే అనేది. "ఆయన నడినెత్తి మీదకొచ్చారు, ఒడియాలు తిరగెయ్యి" అనేది.) పిన్నికి మొగుణ్ణి కిరణ్ అని పిలిచే అలవాటుంది గనక ఆవిడ కూతురికి ఆ భోగం పట్టింది. నాకు ఏ పేరు పెట్టినా అమ్మ నోటికి రాదని అర్థమై, బావురుమన్నాను.

మంచం మీద మామిడితాండ్ర చప్పరిస్తున్న నాన్నమ్మకి విసుగొచ్చింది. "నా పేరేగా! నేనే చెబుతున్నాను, పిలవ్వే కోడలా. పిల్ల ఆకలితో ఏడుస్తోంది" అంది.

అమ్మ పమిట చెంగు నోటికి అడ్డం పెట్టుకుంది. ఒకసారి అత్తగారి వైపు భయంగా చూసింది. తర్వాత నావైపు తిరిగి, "సత్యవతిగారండీ... అన్నం చల్లారిపోతోందండి. రండి" అంది.

ఇల్లంతా నవ్వింది. నేను మాత్రం ముక్కు ఎగబీల్చుకుంటూ వెళ్ళి రెండు కంచాల అన్నం తిన్నాను. ఆ తర్వాత అమ్మ ఎంత ప్రయత్నించినా ఆ 'గారు' వదల్లేకపోయింది. కోపమొచ్చినా "సత్యవతిగారండీ, వీపు విమానం మోత మోగుతుందండి" అనేది. ఆ రోజు సాయంత్రానికల్లా కిరణిత నేల మీద పడి దొర్లడం మొదలెట్టింది, దాన్నీ 'గారు' అనాలని. పిన్ని ఎంత బతిమాలినా ఊరుకోలేదు. నేను అరుగు మీద కూర్చుని ఆ ఏడుపు విన్నంతసేపూ మామిడిపండు ఎంత తియ్యగా ఉందో!

ఇప్పుడు ఆఫీసులో అందరూ నన్ను సత్యవతిగారూ అనే పిలుస్తారు. పిలిచినప్పుడల్లా తలెత్తి ఒక్క క్షణం ఆగుతాను, అన్నం చల్లారిపోతోందండి అని కూడా అంటారేమోనని. అనరు. వాళ్ళకి కావలసింది ఏదో సంతకం. నవ్వుకుని పెట్టేస్తాను.