డప్పు మీద అపీలు

మా బర్రెను పటేలు బందెల దొడ్డిలో పెట్టించిన నాటి నుంచి నాకు అన్నం సహించలేదు. అంటే మూడు పూటలూ తిన్నాను, కానీ కోపంతో తిన్నాను. ఆ బర్రె సామాన్యమైనది కాదు. అది పాలిస్తే మాదాపూర్ రాతి గుండ్ల మధ్య కొత్త వాగు పుట్టిందనుకునేవారు. అది తోక విసిరితే హఫీజ్‌పేట్ స్టేషనులో రైలు కదిలేది. మూడు రోజులు దొడ్డిలో నిలబడి వచ్చాక చెంబు అడుగు కూడా తడవలేదు.

అది చేసిన నేరమల్లా బంచరాయిలో మేయడం. గుట్ట కింది ఆ బీడు తాతల నాటి నుంచి ఊరి పశువులన్నింటిదీ. నిజాం సర్కారు పోయి మిలిటరీ సర్కారు వచ్చిన సందట్లో పటేలు అది తన పట్టా అన్నాడు, చుట్టూ ముళ్లకంప కొట్టించాడు. ముందున్నది ఎండాకాలం. ఆ మేత లేకపోతే ఊళ్లో సగం పశువులు అంగడికి పోవలసిందే, మా బర్రెతో మొదలుపెట్టి.

ఇంటికొక దావా వేయడం అయ్యే పని కాదు. ఐదుగురు ముందు నిలబడి ఊరందరి తరఫున ఒకే దావా వేయవచ్చని పట్నంలో వకీలు చెప్పాడు. ఆ ఐదుగురిలో నేనొకణ్ణి. మిగతా నలుగురూ న్యాయం కోసం వేశారు. నేను పగ కోసం వేశాను.

కోర్టు ఒకే రోజు రెండు హుకుంలు ఇచ్చింది. మొదటిది, ఐదుగురూ అందరి తరఫున దావా నడుపుకోవచ్చు, ఆ సంగతి ఊళ్లో డప్పు చాటింపు వేయించాలి. రెండోది, తీర్పు వచ్చేదాకా పటేలు పశువులను ఆపకూడదు. పటేలు పైకోర్టుకు పోతే ఏం గతి అని నేను అడిగాను.

"పోవచ్చు. కానీ కేసు నడుమ ఇచ్చిన ప్రతి హుకుం మీద అపీలు ఉండదు," అన్నాడు వకీలు. "పశువుల హుకుం మీద ఉన్నది. గడువు లోపల వెయ్యాలె. వేస్తే పైకోర్టు దాన్ని ఆపినా ఆపొచ్చు. డప్పు హుకుం మీద మాత్రం లేదు. దాని గురించి ఏమన్నా అనాలంటే ఆఖరు తీర్పు వచ్చినంకనే."

ఆ మాట విన్నప్పటి నుంచి నా బుర్రలో పురుగు తొలవసాగింది.

మా ఊళ్లో డప్పు కొట్టే ముసలాయన ముప్పై ఏళ్లుగా పటేలు మాటలే చాటాడు: వెట్టికి రండి, కట్టెలు మోయండి, పశువులను కట్టేసుకోండి. పటేలు మీద చాటడం ఆయనకు అదే మొదలు. పైగా ఆయన మేకలూ కంప బయటే ఉన్నాయి. ఆ పొద్దున డప్పును కాచడానికి ఆయన వేసిన మంటకు ఆకాశంలో గద్దలు దారి మళ్లాయి. పటేలు ఇంటి ముందు ఎంతసేపు కొట్టాలని నన్ను అడిగాడు.

"అందరికి వినవడాలె అని హుకుంల ఉన్నది తాతా. పటేలుకు జర చెవుడు," అన్నాను. ఆ చెవుడు సంగతి అప్పటిదాకా పటేలుకు కూడా తెలియదు.

ఆ దెబ్బలకు గుట్ట మీద ఒక గుండు నడిమికి పగిలింది. ఇప్పటికీ ఉంది, ఎవరైనా వచ్చి చూసుకోవచ్చు. పటేలు సగం గీసిన గడ్డంతో, ఒక చెంప నురగతో గడపలోకి వచ్చాడు.

"ఏందిరా గిది? నా గడపల నా మీదనే డప్పా?"

ముసలాయన చేయి ఆగలేదు. "కోర్టు హుకుం దొరా. జర పక్కకు జరుగుండ్రి, లోపలోళ్లకు వినవడ్తలేదు."

మిగిలిన పని నేను చేశాను. పక్కూరు పుప్పాలగూడలో పిల్లలు పటేలు-డప్పు అని కొత్త ఆట ఆడుతున్నారని మంగలితో అన్నాను. ఆ మాట మిగతా సగం గడ్డంతో పాటు పటేలు ఇంటికి చేరింది. డప్పును వదిలేసి పశువుల హుకుం పట్టుకోమని ఆయన వకీలు బతిమాలాడట. బర్రెలను ఎప్పుడైనా ఆపొచ్చు, పోయిన ఇజ్జత్ మళ్లీ వస్తుందా, ముందు ఆ డప్పు హుకుం కొట్టేయించు అని పటేలు పట్టుబట్టాడట. మంగలి ఇదంతా చెబుతుంటే నేను సంతోషంతో రెండుసార్లు గడ్డం గీయించుకున్నాను.

పేషీ పేషీకీ పటేలు ఎడ్ల కచ్చడం పట్నానికి పోయి వచ్చింది. చివరికి పైకోర్టు ఈ హుకుం మీద అపీలే లేదని కాగితం తిప్పి పంపింది. అప్పటికి పశువుల హుకుం మీద గడువు దాటిపోయింది.

తిరిగొస్తూ ఆయన బీడు దగ్గర కచ్చడం ఆపించాడు. మొన్నటిదాకా కంప ఉన్నచోట మా బర్రె మేస్తోంది.

"మంగలితోని పుప్పాలగూడ ముచ్చట చెప్పిచ్చింది నువ్వేనా?"

"నేనే పటేలా."

"మూడు దినాలకే ఇంత పగనా?"

"మూడు దినాలు నీకు. దానికి ఆరు పూటల పాలు."

ఆయన బర్రె వైపు వేలు చూపించాడు. "ఆఖరు తీర్పు రానియ్యి, చెప్త."

"రానియ్యి పటేలా. గప్పుడు డప్పు మీద గూడ అపీలు జేస్కోవచ్చట."

ఆ సాయంత్రం బర్రె ఒక చెంబు నింపింది. రెండు బిందెలని మా ఆవిడతో చెప్పాను, పటేలు ఇంటిదాకా వినిపించేంత గట్టిగా.