ఒక్క పిక్సెల్ కొసరు

2019, దసరాకు ముందు రోజులు. నరసన్నపేటలో హైవే దిగి బజారులోకి తిరిగే దారిలో మాకు రెండు కొట్లు పక్కపక్కనే ఉన్నాయి. ఒకటి మా నాన్న పచారీ కొట్టు. రెండోది నా ఫ్లెక్స్ ప్రింటింగ్, డీటీపీ కొట్టు. డీటీపీ అంటే కంప్యూటర్ మీద అక్షరాలూ బొమ్మలూ కూర్చి అచ్చుకు సిద్ధం చేయడం. పెళ్లి కార్డయినా, పుట్టినరోజు ఫ్లెక్సీ అయినా, చర్చి వాళ్ల కూటాల బ్యానరయినా మా దగ్గరకు అడుగుల్లోనో అంగుళాల్లోనో వస్తుంది, అలాగే పోతుంది. ఇంకో కొలత ఉంటుందని నాకు అప్పటిదాకా పట్టింపు లేదు.

నేను గల్లాపెట్టె పక్కన పెరిగినవాణ్ణి. ఎవరు ఏ అంకె చెప్పినా అది మొదటి మాట అనుకుంటాను. డాక్టరు జ్వరం నూటరెండు అంటే నూటొకటికి రాదా అని అడిగే రకం. మా నాన్నది దానికి రెండో వైపు. తూకం సరిపోయాక కూడా ఇంకో చిటికెడు కొసరు వేయనిదే ఆయన చెయ్యి పొట్లం కట్టదు. ఈ రెండు గుణాలూ కలిపి పట్టుకుని నేను కంప్యూటర్ ముందు కూర్చున్నాను. ఈ పనిలో జరిగిన తప్పులన్నీ అక్కడి నుంచే వచ్చాయి.

ఒక పొద్దున్న కోటబొమ్మాళి బస్సు దిగి ఒకమ్మాయి ల్యాప్‌టాప్ సంచితో కొట్లోకి వచ్చింది. పేరు ఎస్తేరు. విశాఖలో ఒక గేమ్ కంపెనీలో పనిచేసేదట. కంపెనీ మూతపడితే ఇంటికి వచ్చి, రెండేళ్లు కూర్చుని సొంతంగా ఒక కంప్యూటర్ ఆట తయారు చేసింది. ఆట పేరు 'ఆఖరి మడి'. కాలువ నీళ్లను ఒక పొలం నుంచి ఇంకో పొలానికి తిప్పుకుంటూ, చివరనున్న మడి ఎండిపోకముందే అక్కడికి చేర్చాలి. దాన్ని విదేశీ ఆన్‌లైన్ దుకాణం ఒకదానిలో పెడుతోంది.

"మా చర్చి బేనరు మీద అచ్చరాలు మీరేసినవే కదన్నియ్యా, బాగున్నాయి. నాకు అయిదు బొమ్మలు కావాలి" అంది.

"ఎన్ని అడుగులమ్మా?"

"అడుగులు కాదు, పిక్సెళ్లు."

పిక్సెల్ అంటే తెర మీది బొమ్మలో ఒక చుక్క. ఆమె కాగితం తీసి చదివింది. నిలువు పోస్టరు ఒకటి, అడ్డంగా 600 చుక్కలు, నిలువునా 900. చిన్న అడ్డబొమ్మ ఒకటి, 460కి 215. ఆట తెరిచే పేజీ పైభాగమంతా పరుచుకునే వెడల్పాటి బొమ్మ ఒకటి, 3840కి 1240. దాన్ని వాళ్లు 'హీరో' అంటారట. దాని మీద తేలేలా, వెనక రంగేమీ లేని పేరు ఒకటి. అది 'లోగో'. చివరగా 'ఐకన్', 32కి 32. కొన్నవాళ్ల ఆటల జాబితాలో పేరు పక్కన కనిపించే ముక్క.

"అంగుళాల్లో సెప్పమ్మా" అన్నాను.

"అంగుళాలు నేవన్నియ్యా."

లేకపోవడమేమిటని నేనే లెక్క కట్టాను. అంగుళానికి 72 చుక్కలని పెడితే పోస్టరు ఎనిమిది అంగుళాలు దాటింది. 300 అని పెడితే రెండంగుళాలయింది. ఒకే బొమ్మ చాపంతా అవుతోంది, చేతిరుమాలంతా అవుతోంది. ఏది నిజమని అడిగితే, "రెండూ కాదు, చుక్కలు మటుకే నిజం" అంది. నాకు తల తిరిగింది. అయినా అర్థమైనట్టు తలూపాను. కొట్టువాడు బేరం తెగేలోపు తెలియదని అనకూడదు.

రేటు దగ్గర ఇంకో చిక్కు. నాది చదరపు అడుగు లెక్క. ఆ ఐకన్ వేలిగోరంత కూడా లేదు.

"దీనికి మీ లెక్కలో ఏటీ అవదు కదా, ఊరికే సేసీండి" అని నవ్వింది.

"ఆ పెద్దది ఉన్నాది కదా, దాని మీద కలుపుకుంటాను" అన్నాను.

చివరకు అయిదింటికీ కలిపి ఒకే మాట అనుకున్నాం. పైకి నష్టపోయినవాడిలా ముఖం పెట్టాను కానీ లోపల గెలిచాననే అనుకున్నాను. ఒక బొమ్మ కూర్చి అయిదు కొలతల్లోకి సాగదీస్తే అయిపోయే పని. అరగంట.

వెళ్తూ ఒక మాట చెప్పింది. "మా నాన్న మిషన్ ఆసుపత్రిలో కాంపౌండరు. మాటంటే మాటే. దసరా సెలవులు అయిపోయేలోగా ఆట బయటికొస్తే ఇంకో ఏడాది నా ఇష్టం. నేదంటే శ్రీకాకులంలో బడి ఒకటి కంప్యూటర్ టీచరుగా రమ్మంటన్నాది, ఎల్లిపోవాల. బొమ్మలన్నీ దుకాణంవోళ్లు సూసి సరే అంటేనే ఆట అమ్మకానికి తెరుస్తారు. బేగి సేయన్నియ్యా."

మర్నాడు ఆమె ముందు అయిదూ తెరిచాను. ఆమె గీసి తెచ్చిన బొమ్మలతోనే పోస్టరు కూర్చాను: పార పట్టుకున్న రైతు, కాలువ, కొబ్బరిచెట్టు, పైన పేరు. అడ్డబొమ్మకు దాన్నే అటూ ఇటూ లాగాను. రైతు గుమ్మడికాయంతయ్యాడు. పార చేట అయింది.

"అన్నియ్యా, మా రైతుకి ఒళ్లంతా వాపొచ్చిందేటి?" అంది.

'హీరో' బొమ్మలో ఇంకా ఘనకార్యం చేశాను. అంత వెడల్పు ఖాళీగా వదలడానికి చెయ్యి రాలేదు. మా ఫ్లెక్సీల్లో వేలు పెట్టేంత జాగా మిగిలినా, ఫలానా వాళ్ల ఫోటో ఎందుకు లేదని అడుగుతారు. అందుకని పాస్‌పోర్ట్ ఫోటోలు అచ్చు వేయమని ముందు రోజు ఆమె ఇచ్చిన బొమ్మ నా కంప్యూటర్‌లో ఉంటే, తీసి కుడి మూలన గుండ్రంగా పెట్టాను. కింద 'శుభాకాంక్షలతో' అని కూడా వేశాను.

ఆమె అది చూసి, "నాను ఎలక్షన్లో నిలబడతన్నానేటి?" అంది.

ఫోటో తీసేశాను. అయిదింటినీ విడివిడిగా కూర్చాను. ఆ సాయంత్రం మా కొట్లోంచే పోస్టరు ఎక్కించబోతే దుకాణం వాళ్ల పేజీ ఎర్రటి అక్షరాలతో వద్దంది. కారణం చూస్తే నా బొమ్మ 601కి 900 ఉంది. ఒక్క చుక్క ఎక్కువ.

"ఒక్కటే కదమ్మా. తక్కువైతే అడగాల గానీ, ఎక్కువిచ్చినా వద్దంటారేటి?"

"కొసరు ఒద్దంటన్నారన్నియ్యా."

"ఓ మాట సెప్పి సూడు."

"ఎవుళికి సెప్తాను? అటుపక్క మిషను."

ఆ ఒక్క చుక్క ఎక్కడి నుంచి వచ్చిందో దొరకడానికి పూటంతా పట్టింది. నేను అంగుళాల్లో కొలిచి పెట్టిన బొమ్మ అంచు చుక్కల గడిలో సరిగ్గా కూర్చోక, వెంట్రుకవాసి పక్క గడిలోకి జరిగింది. అలా జరిగిన ఆ కాస్తనూ కంప్యూటర్ ఇంకో నిండు చుక్కగా లెక్క వేసింది. కొలతల పద్ధతిని అంగుళాల నుంచి పిక్సెళ్లకు మార్చి, మూలను సరిగ్గా సున్నా దగ్గర పెడితే అడ్డం కచ్చితంగా 600 వచ్చింది. నా జీవితంలో ఒక అంకె చెప్పినది చెప్పినట్టు ఒప్పుకోవడం అదే మొదలు.

అన్నీ ఎక్కాయి. దుకాణం వాళ్లు చూసి చెప్పడానికి రెండు మూడు రోజులు పడుతుందన్నారు.

మూడో రోజు ఎస్తేరు వచ్చింది. ఈసారి నవ్వలేదు. ల్యాప్‌టాప్ నా వైపు తిప్పింది. 'హీరో' బొమ్మ మీద అక్షరాలు ఉండకూడదని తిప్పి పంపారు. పేరు లోగోగా విడిగా తేలుతుంది కాబట్టి, బొమ్మ మీద కూడా ఉంటే ఒకదాని మీద ఒకటి పడుతుంది. ఆ మాట మొదటి రోజు కాగితంలోనే ఉంది. నేనే, పేరు లేని బ్యానర్ ఎవరైనా కడతారా అని, మధ్యలో లేతగా ఒకసారి వేశాను. ఆమె హడావుడిలో చూడలేదు. పోస్టరు మీద పేరు ఉండి తీరాలి, దీని మీద ఉండకూడదు. ఒకే ఆటకు ఇన్ని మర్యాదలేమిటో నాకు పాలుపోలేదు.

"ఇంకొక్కసారే పంపగలం. మళ్లీ తిప్పితే సెలవులు అయిపోతాయి" అంది. అరిచినా బాగుండేది.

పేరు తీసేయడం నిమిషం పని. కానీ ఆమె ఇంకోటి చూపించింది. కొన్నవాళ్లకు జాబితా ఎలా కనిపిస్తుందో చూపే పేజీ అది. వరసగా ఆటల పేర్లు, పక్కన బుల్లి ఐకన్లు. ఆ వరసలో తన ఆటను తనే వెతుక్కోవలసి వచ్చిందట. "ఇదైతే దుకాణంవోళ్లు తిప్పలేదు. కొన్నోళ్లకి కనబడకపోతే ఎవుళాడతారన్నియ్యా?"

అప్పుడే మా నాన్న పేపరు కోసం వచ్చి తెరలోకి తొంగి చూశాడు.

"ఏటిరా అది? సీమ సచ్చి పడ్డట్టున్నాది."

"రైతు నాన్నా. పారున్నాది, కాలవున్నాది, కొబ్బరిసెట్టు, పేరు. అన్నీ ఉన్నాయి."

"ఆ గోరంత జాగాలోనా? పాపం ఆ గుంటనెందుకురా తిప్పుతన్నావు? ఇలా రామ్మా" అని ఆమెను పక్క కొట్లోకి తీసుకెళ్లాడు. నేనూ వెనకే వెళ్లాను.

గల్లాపెట్టె వెనక గోడకు చిన్న చెక్క సొరుగులు ఉంటాయి. ఆవాలు, మెంతులు, మిరియాలు, లవంగాలు వంటివి వాటిలో ఉంటాయి. ప్రతి సొరుగు ముఖాన ఆ సరుకు గింజ ఒక్కటి బంకతో అతికించి ఉంటుంది. పుట్టినప్పటి నుంచి చూస్తున్నాను, ఎప్పుడూ అడగలేదు.

"ముందు పెయింటరు సేత పేర్లు రాయించాను, సదువుకోవచ్చని" అన్నాడు నాన్న ఆమెతో. "గిరాకీ మీద ఎవుడు సదువుతాడమ్మా? అప్పుడు గుప్పెడు గింజలు అతికించి సూశాను. అన్నీ ఒక్కలాగే మరకల్లా అగుపడ్డాయి. ఒక్క గింజ పెడితే సెయ్యి దానంతటదే ఎల్తాది."

ఎస్తేరు సొరుగు మీది మిరియాన్ని వేలితో తడిమి చూసింది. తర్వాత గబగబా నా కొట్లోకి వచ్చి కుర్చీ లాక్కుంది.

"అన్నియ్యా, రైతుని తీసీండి."

"రైతు నేకపోతే ఆటేటమ్మా?"

"ఆట రైతు కాదు. మడవ."

పొలం గట్టుకు నీళ్లు పోవడానికి కొట్టే గండిని మడవ అంటాం. ఆ ఆటలో ఆడేవాడు చేసే పనల్లా అదే, ఒక మడవ మూసి ఇంకోటి తెరవడం.

ఈసారి పెద్ద బొమ్మను కుదించలేదు. 32కి 32 గడి ఖాళీగా తెరిచి, చుక్క చుక్కగా పేర్చాం. ఆకుపచ్చ చతురస్రం, చుట్టూ మట్టిరంగు గట్టు, ఒక పక్క గట్టు తెగినచోట నీలం. నేను ఆ మూల చిన్న కొబ్బరిమొక్క పెడదామన్నాను, ఒద్దంది. గట్టుకు నీడ వేద్దామన్నాను, అదీ ఒద్దంది. అంత గట్టి బేరగాణ్ణి మా బజారులో కూడా చూడలేదు.

అయ్యాక జాబితాలో పెట్టి నాన్నను పిలిచాం. ఆయన గుమ్మం దగ్గరే ఆగిపోయాడు. కళ్లజోడు తన కొట్లోనే ఉండిపోయింది. ఎస్తేరు పెదవులు బిగబట్టి ఆయన ముఖమే చూస్తోంది.

నాన్న చెయ్యెత్తి అక్కడి నుంచే వేలు చూపించాడు. "అదిగో, మూడోది. మడవ తీసున్నాది. నీల్లొస్తన్నాయి."

ఆమె రెండు చేతులతో ముఖం కప్పుకుంది.

సెలవులు ఇంకో రెండు రోజులున్నాయనగా ఫోన్ చేసింది. "అన్నియ్యా, పాసైపోనాది! అమ్మకానికి తెరిసీసినారు! మా నాన్న నమ్మక కంప్యూటర్ ముందే కూకున్నాడు." బడివాళ్లకు రానని చెప్పేసిందట. ఎన్ని అమ్ముడయ్యాయో నేను అడగలేదు. నా పుట్టుకకు అది ఎంత కష్టమో మా బజారువాళ్లకే తెలుస్తుంది. ఏడాది దాటాక ఇంకో ఆటకు అయిదు కొలతల కాగితం పట్టుకుని వచ్చింది కాబట్టి, వాళ్ల నాన్న గడువు పెంచాడని మాత్రం అర్థమైంది.

ఆ పని తర్వాత చిన్న బొమ్మ అడిగినవాళ్లకు పెద్ద బొమ్మ కుదించి ఇవ్వడం మానేశాను. చిన్నది వేరే బొమ్మ. దానిలో ఏం పెట్టాలని కాదు, ఏది ఒక్కటి మిగలాలని అడుగుతాను. 72కీ 300కీ తేడా మాత్రం ఇప్పటికీ ఎవరైనా అడిగితే తలూపుతాను, అంతే.

మా నాన్నకు ఐకన్ కథంతా తెలుసు, వచ్చినవాళ్లందరికీ చెబుతాడు. ఆ 601 సంగతి మాత్రం నేను ఆయన చెవిన వేయలేదు. కొసరు వేస్తే తిప్పి పంపే కొట్లు కూడా లోకంలో ఉన్నాయంటే ఆయన తట్టుకోలేడు.